చిరునామా లేని గూడేలకు బడి

మార్చిలో టేకుమట్ల వెళ్తే ఊరికంటే ముందు మిరప ఘాటు ఎదురొస్తుంది. రోడ్డు వార కల్లాల్లో పరదాల మీద ఎండబోసిన కాయ, ముక్కుకు కొంగు చుట్టుకుని తాలు వేరు చేస్తున్న ఆడవాళ్లు, వేపకొమ్మకు కట్టిన చీర ఉయ్యాల్లో చంటిపిల్ల. చలివాగు వైపు తోటల్లోకి నడిస్తే కాయ ఏరుతున్న గుంపులు కనబడతాయి. వాళ్లలో వాళ్లు మాట్లాడుకునే మాట తెలుగు కాదు.

“ఛత్తీస్‌గఢోళ్లు,” అన్నాడు తోట ఆసామి. “ఈళ్లు రాకుంటే కాయ చెట్టుకే ఎండి రాలిపోతది. ఊళ్లె ఏరేటోళ్లు ఏరి సార్?”

ఆ గుంపులో కొందరు పంటకాలానికి వచ్చి తిరిగి పోయేవాళ్లు. మిగిలినవాళ్లు మాత్రం ఏళ్ల తరబడి మన అడవిలోనే, తాడ్వాయి వైపు గూడేల్లో ఉంటున్నవాళ్లు. పెద్దవాళ్లు పుట్టింది బస్తర్‌లో, పిల్లలు పుట్టింది తెలంగాణలో. లోకం వాళ్లను గొత్తికోయలంటుంది. ఒక పిల్లవాడు సంచీ మోసుకుంటూ నా పక్కనుంచి పోతుంటే ఏ తరగతిరా అని అడిగాను. “నాలుగు,” అని తెలుగులోనే జవాబిచ్చాడు. బడి నడుస్తోంది కదా, మరి ఇక్కడున్నావేం అంటే తల్లివైపు చూశాడు. “సారు రమ్మన్నడు. కాయ అయినంక పోత” అన్నాడు.

ఆ సారును చూడాలనిపించింది. నా ప్రయాణానికి అసలు కారణం అదే.

టేకుమట్ల వదిలే ముందు గర్మిళ్లపల్లి దాకా వెళ్లి మానేరు మీది వంతెన చూశాను. అవతలి ఒడ్డు పెద్దపల్లి జిల్లా ఓడేడు. 2016లో మొదలైన పని. 2024 ఏప్రిల్ 22 రాత్రి ఈదురుగాలికి గడ్డర్లు కూలిపోయాయి. ఓటూ ఇంటి నంబరూ అన్నీ ఉన్న ఊళ్లకే ఎనిమిదేళ్లలో ఒక వంతెన పూర్తికాలేదు. ఏ కాగితంలోనూ లేని గూడేలకు బడి ఎలా వచ్చింది, ఎవరు తెచ్చారు అన్న ప్రశ్న ఆ ఇసుకలో నిలబడినప్పుడు నాకు ఇంకా బరువుగా తోచింది.

చిట్యాల మీదుగా భూపాలపల్లి. బొగ్గు లారీల దుమ్ము, చెల్పూరు దగ్గర 1,100 మెగావాట్ల థర్మల్ కేంద్రం పొగగొట్టాలు. గణపురంలో కాకతీయుల కోటగుళ్లు చూడకుండా పోవడం కష్టమే గానీ ఆ పూట ఆగలేదు. ములుగు దాటి గోవిందరావుపేట, పస్రా మీదుగా తాడ్వాయి చేరేసరికి రోడ్డుకు రెండువైపులా అడవి. ఏటూరునాగారం అభయారణ్యం మొత్తం 806 చదరపు కిలోమీటర్లు. 2024 ఆగస్టు 31న తాడ్వాయి, మేడారం మధ్య వీచిన సుడిగాలికి కొన్ని గంటల్లోనే వేల చెట్లు నేలకూలాయి. కూలిన మొదళ్లు ఇప్పటికీ అక్కడక్కడా పైకి తేలి కనబడుతున్నాయి.

గూడెం పేరు రాయడం లేదు. పేరు అచ్చులో కనబడితే మళ్లీ ఎవరు ఏ నోటీసుతో వస్తారోనన్న భయం అక్కడి వాళ్లందరికీ ఉంది. రోడ్డు దిగి వాగు పక్కనుంచి చాలాసేపు నడవాలి. తడికలకు మట్టి మెత్తిన ఇళ్లు, ఇంటికీ ఇంటికీ మధ్య బాగా ఎడం, ఇప్పపూలు ఆరబోసిన చేటలు. తాగునీళ్లు వాగులో తవ్విన చెలిమెలోవి. గూడెం మధ్యలో రేకుల పాక. అందులో నల్లబల్ల, మేకుకు వేలాడుతున్న హాజరు పట్టీ. అదే బడి.

సారు ఆ చుట్టుపక్కల ఊరి మనిషే, కోయవాడు. ముందు విద్యా వాలంటీరుగా వచ్చి చాలా ఏళ్లుగా ఇక్కడే ఉండిపోయాడు. పిల్లల భాష ఆయన భాషకు దగ్గరే. మొదటి ఏడాదంతా తెలుగు వాచకం పక్కన పెట్టి వాళ్ల మాటల్లోనే లెక్కలు, కథలు చెప్పానన్నాడు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2004లో కోయ, గోండి, కొలామి, సవర వంటి 8 గిరిజన భాషల్లో ప్రాథమిక విద్య మొదలుపెట్టారు. ఎంతో ముందుచూపున్న ఆ ప్రయత్నం గుర్తింపు లేని ఈ గూడేలకు ఎలాగూ రాలేదు. ఈయన తనకు తోచినట్టు అదే పని చేసుకుంటూ పోయాడు.

చదువు చెప్పడం ఆయన పనిలో సగమే. మిరప ఏరుడు కాలం రాగానే తల్లిదండ్రులు నెలల తరబడి మైదాన ప్రాంతానికి వెళ్లిపోతారు. పిల్లలు వెంట పోతే ఆ ఏడాది చదువు పోయినట్టే. అందుకని ఆ కాలంలో తన ఇంటి వసారాలో పిల్లల్ని ఉంచుకుంటాడు. వలస కుటుంబాల పిల్లలకు సీజనల్ హాస్టళ్లు పెట్టాలని ప్రభుత్వ పథకాల్లోనే ఉంది. కాగితం మీద గూడెమే లేనప్పుడు హాస్టల్ ఎక్కడ పెడతారు? బియ్యం కొంత తల్లిదండ్రులు ఇచ్చి పోతారు, కొంత ఆయన కొంటాడు. వంట ఆయన భార్య చేస్తుంది. “మా పిల్లలతో పాటు వాళ్లు. లెక్క ఎక్కువైతది గంతే” అందామె. కొందరు మాత్రం తల్లిని విడిచి ఉండలేమని వెళ్లిపోతారట. టేకుమట్లలో నేను చూసిన పిల్లవాడు వాళ్లలో ఒకడు.

ఈ మనుషులు ఇక్కడికి ఎందుకు వచ్చారో ఇరవై ఏళ్ల కిందటి పత్రికలు చదివినవాళ్లకు తెలుసు. 2005 జూన్‌లో దంతెవాడ జిల్లాలో సల్వాజుడుం మొదలైంది. మావోయిస్టులకు వ్యతిరేకంగా ప్రజల ఉద్యమమని ప్రభుత్వం చెప్పింది. మహేంద్ర కర్మ దానికి నాయకుడు. ఊళ్లు తగలబడ్డాయి. జుడుంలో చేరితే మావోయిస్టులు చంపుతారు, చేరకపోతే జుడుం చంపుతుంది. 644 ఊళ్లు ప్రభావితమైనట్టు లెక్కలకెక్కింది. వేలమందిని రోడ్డుపక్క శిబిరాలకు తోలారు. శిబిరాలకు పోనివాళ్లు రాత్రిళ్లు నడిచి అప్పటి ఖమ్మం, వరంగల్ జిల్లాల అడవుల్లోకి వచ్చారు. వాళ్ల సంఖ్య 30 వేల నుంచి 50 వేల దాకా ఉంటుందని అంచనాలు చెబుతాయి. గూడెంలో ఒక పెద్దావిడ తన కథను సారు నోట చెప్పించింది. పొయ్యి మీద కుండ అలాగే వదిలి వచ్చామంది. మళ్లీ ఎప్పుడైనా ఆ ఊరు చూశారా అంటే తల అడ్డంగా ఊపింది.

వాళ్లు దాటింది రాష్ట్ర సరిహద్దు. 1951 శరణార్థుల ఒడంబడిక దేశం దాటినవాళ్ల కోసం చేసింది. భారతదేశం దాని మీద సంతకం చేయనూ లేదు. సొంత దేశంలోనే చెల్లాచెదురైనవాళ్ల కోసం ఐక్యరాజ్యసమితి 1998లో మార్గదర్శక సూత్రాలు తయారుచేసింది. వాటిని అమలు చేసే చట్టం మన దగ్గర లేదు. టిబెట్ నుంచి వచ్చినవాళ్లకు మన దేశం ఏం చేసిందో ఇక్కడ గుర్తుచేసుకోవాలి. కర్ణాటకలో బైలుకుప్పె, ముండగోడుల్లో భూమి ఇచ్చింది. నెహ్రూ ప్రభుత్వం 1961లో టిబెటన్ పిల్లల బడుల కోసం ప్రత్యేకంగా ఒక సంస్థనే పెట్టింది. ఒకప్పుడు లాహోర్‌లో ఇంగ్లిష్ పాఠాలు చెప్పిన ఫ్రీడా బేడీ 1960లో చిన్న లామాల కోసం వసతి బడి తెరిచింది. ఇవన్నీ గర్వపడాల్సిన పనులు. హిమాలయం దాటివచ్చిన పిల్లవాడికి ఇవ్వగలిగిన బడి, గోదావరి దాటివచ్చిన పిల్లవాడికి ఇవ్వలేకపోవడానికి నాకు ఏ న్యాయమూ కనబడదు.

మన పెద్దలకూ ఈ అనుభవం ఉంది. టేకుమట్లకు దగ్గరలోని పరకాలలో 1947 సెప్టెంబరు 2న జెండా ఎగరేయబోయిన జనం మీద కాల్పులు జరిగాయి. ఆ ఏడాదీ మరుసటి ఏడాదీ రజాకార్ల భయానికి ఈ పల్లెల వాళ్లు ఎందరో నిజాం సరిహద్దు దాటి అటు బెజవాడ వైపు, ఇటు చాందా వైపు తలదాచుకున్నారు. ఆ కథలు మా ఇళ్లలో ఇంకా చెప్పుకుంటూనే ఉన్నాం.

గొత్తికోయల పిల్లల గురించి దేశానికి మొదట గట్టిగా చెప్పినవాళ్లలో మన తెలుగు అధ్యాపకురాలు ఒకరున్నారు. శాంతా సిన్హా 1950లో నెల్లూరులో పుట్టారు. హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో రాజనీతిశాస్త్రం బోధించారు. అక్కడి శ్రామిక విద్యాపీఠంలో పనిచేస్తున్నప్పుడు వెట్టిచాకిరి చేసే కుటుంబాల్లోకి వెళ్లి, పిల్లలు కూడా వెట్టిలోనే ఉన్నారని కళ్లారా చూశారు. తాత మామిడిపూడి వెంకటరంగయ్య పేరున 1981లో పెట్టుకున్న ఎం.వి. ఫౌండేషన్ 1991 నుంచి రంగారెడ్డి జిల్లాలో ఆ పిల్లలకోసం పని మొదలుపెట్టింది. ఆమెది సూటి మాట. బడిలో లేని ప్రతి పిల్లా పిల్లవాడూ బాలకార్మికులే. పేదరికం పేరుతో దీనికి మినహాయింపు లేదు. పని మానిపించిన పిల్లల్ని నెలల తరబడి శిబిరాల్లో ఉంచి, తిండిపెట్టి, చదువు అందిపుచ్చుకునేలా చేసి వయసుకు తగిన తరగతిలో చేర్పించడం ఆమె నడిపిన దారి. 2003లో మెగసెసే అవార్డు వచ్చింది. ఇప్పటి చట్టంలో కనిపించే ‘వయసుకు తగిన తరగతి’ అన్న ఆలోచన ఆ శిబిరాల్లో చేసి చూపించినదే.

2007లో జాతీయ బాలల హక్కుల పరిరక్షణ కమిషన్ ఏర్పడినప్పుడు ఆమె తొలి అధ్యక్షురాలయ్యారు. అదే ఏడాది డిసెంబరులో కమిషన్ బృందంతో దంతెవాడ, బీజాపూర్, ఖమ్మం జిల్లాలు తిరిగారు. అధికారం కొత్తగా చేతికొచ్చినవాళ్లు సాధారణంగా ఢిల్లీలో కుర్చీ సర్దుకుంటారు. ఆమె మొదటి ఏడాదిలోనే శిబిరాలకు, సరిహద్దు గూడేలకు వచ్చారు. అక్కడ బడుల్లో బలగాలు దిగి ఉన్నాయి, కొన్ని బడులను మావోయిస్టులు పేల్చేశారు. ఇక్కడికొస్తే రేషను లేదు, అంగన్‌వాడీ లేదు, పిల్లలకు తెలిసిన భాషలో పాఠం లేదు, పైనుంచి అటవీశాఖ ఖాళీ చేయిస్తోంది. కమిషన్ నివేదిక ఇదంతా రికార్డుకెక్కించింది. తర్వాత 2010 చివర్లో కల్లోల ప్రాంతాల కోసం ‘బాల బంధు’ అనే కార్యక్రమం మొదలుపెట్టారు. ఊరి యువకులే పిల్లల బాధ్యత తీసుకుని బడికి చేర్చే పద్ధతి అది. ఖమ్మం జిల్లా కూడా అందులో ఉంది.

సరిహద్దుకు అవతల ఈ పనికోసం ఇల్లే పోగొట్టుకున్న మనిషి హిమాంశు కుమార్. తండ్రి వినోబా భూదానంలో నడిచినవాడు. ఆ భూదానం 1951లో మన పోచంపల్లిలోనే పుట్టింది. ముజఫర్‌నగర్ నుంచి 1992లో భార్య వీణతో కలిసి దంతెవాడ వచ్చి వనవాసి చేతనా ఆశ్రమం పెట్టాడు. ఆరోగ్యం, చదువు, ఓటు హక్కు గురించి ఊరూరా శిక్షణ ఇచ్చాడు. జుడుం కాలంలో ఇల్లు కాలినవాళ్లు ఆ ఆశ్రమంలో తలదాచుకున్నారు. 2008లో నేంద్ర అనే ఊరి నుంచి మన రాష్ట్రానికి పారిపోయి వచ్చినవాళ్లను తిరిగి తీసుకెళ్లి ఊరు నిలబెట్టే ప్రయత్నం చేశాడు. వాళ్ల మీదికి ఎవరైనా వస్తే ముందు మమ్మల్ని దాటాలని ఆయన మనుషులు ఆ ఊళ్లోనే కాపురం పెట్టారు. 2009 మే 17న ఆశ్రమాన్ని బుల్డోజర్లతో కూల్చేశారు. గోంపాడ్ ఊళ్లో జరిగిన ఆదివాసీల హత్యల మీద ఆయన వేసిన పిటిషన్‌ను 2022 జూలై 14న సుప్రీంకోర్టు కొట్టేసి 5 లక్షల జరిమానా విధించింది. కట్టనని చెప్పాడు. ఆయన కోర్టులో ఓడిపోయాడేమో గానీ, నేంద్రకు తిరిగి చేరిన కుటుంబాల పని ఏ తీర్పూ చెరపలేదని నా నమ్మకం.

సల్వాజుడుం మీద 2007లో నందినీ సుందర్, రామచంద్ర గుహ, మన విశాఖ ఇ.ఎ.ఎస్. శర్మ కలిసి సుప్రీంకోర్టులో వేసిన కేసులో 2011 జూలై 5న జస్టిస్ బి. సుదర్శన్ రెడ్డి, జస్టిస్ నిజ్జర్ తీర్పు ఇచ్చారు. ఐదో తరగతి చదివితే చాలని ఆదివాసీ కుర్రవాళ్లను ప్రత్యేక పోలీసు అధికారులుగా తీసుకుని తుపాకులు ఇవ్వడం రాజ్యాంగ విరుద్ధమన్నారు. తీర్పు చదివినప్పుడు నా కళ్లు ఆ ఐదో తరగతి దగ్గరే ఆగిపోయాయి. చదువు అక్కడే ఆగిపోయిన పిల్లవాడికి అందిన మొదటి ఉద్యోగం అది.

సారు హాజరు పట్టీతో పాటు బట్టలో చుట్టి దాచిన ప్రవేశాల రిజిస్టర్ తెచ్చి చూపించాడు. పేరు, తండ్రి పేరు, తల్లి పేరు, పుట్టిన తేదీ. చాలామందికి తేదీ ఉండదు. జాతర ఏడు, పండుగ, వాన రోజులు అడిగి దగ్గరదగ్గరగా లెక్క కట్టి రాశాడు. మేడారం జాతర రెండేళ్లకోసారి కనుక ఆ లెక్క బాగా పనికొస్తుందట. విద్యాహక్కు చట్టం 2010 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉంది. దాని 14వ సెక్షన్ ప్రకారం వయసు రుజువు లేదని ఏ పిల్లనూ బడిలో చేర్చుకోకుండా ఉండకూడదు. ఆ ఒక్క సెక్షన్ ఈ సారుకు ఆయుధం. ఇంటి పట్టా లేదు, పోడు పట్టా లేదు. అటవీ హక్కుల చట్టం 2005 డిసెంబరు 13ను గడువు తేదీగా పెట్టింది. జుడుం మొదలైంది ఆ ఏడాది జూన్‌లో. తర్వాత వచ్చినవాళ్లకు ఆ తలుపు మూసుకుపోయినట్టే. ఇన్ని మూసుకున్న చోట, ప్రభుత్వ ముద్ర ఉన్న పుస్తకంలో వీళ్ల పేరు మొదటిసారి ఎక్కింది ఈ రిజిస్టర్లోనే. తర్వాత ఆధార్ అడిగినా, రేషన్ అడిగినా దీన్ని చూపించే అడుగుతున్నారు. ఇల్లు కట్టివ్వడం ఉపాధ్యాయుడి చేతిలో లేదు. ఈ గూడెంలో మనుషులున్నారు, పిల్లలున్నారు, ఇన్నేళ్లుగా ఉన్నారు అని సాక్ష్యం పలకడం మాత్రం ఆయన చేతిలో ఉంది. గుడిసెలు పీకేటప్పుడు ఆ సాక్ష్యం ఎంత అవసరమో ఈ ప్రాంతం చూసింది.

2017 సెప్టెంబరులో తాడ్వాయి మండలం జలగలంచలో అటవీ సిబ్బంది గుడిసెలు కూల్చారు. అప్పుడిది జయశంకర్ భూపాలపల్లి జిల్లాయే. ములుగు జిల్లా వచ్చింది 2019 ఫిబ్రవరిలో. అడ్డుకున్న ఆడవాళ్లను చెట్లకు కట్టేశారని పత్రికలు రాశాయి. హైకోర్టు జోక్యం చేసుకుని వాళ్లను అక్కడినుంచి వెళ్లగొట్టవద్దని చెప్పింది.

ఇంకొక వైపు కూడా చెప్పాలి. 2022 నవంబరు 22న భద్రాద్రి కొత్తగూడెం జిల్లా చండ్రుగొండ మండలంలో ప్లాంటేషన్ దగ్గర రేంజ్ అధికారి శ్రీనివాసరావును ఇద్దరు గొత్తికోయలు వేటకొడవళ్లతో చంపారు. తన విధి తాను చేస్తున్న మనిషి. మరుసటి ఏడాది కోర్టు దోషులిద్దరికీ జీవితఖైదు వేసింది. ఆ కుటుంబం దుఃఖానికి ఏ వాదనా సమాధానం కాదు. అయితే హత్య జరిగిన వెంటనే బెండాలపాడు పంచాయతీ గొత్తికోయలందరూ ఊరు విడిచిపోవాలని తీర్మానం చేసింది. ఇద్దరి నేరానికి రెండో తరగతి పిల్లవాడిని కూడా వెళ్లగొట్టడం ఏ ధర్మం? ఆ రోజుల్లో తన బడికి వారం పాటు పిల్లలెవరూ రాలేదని సారు చెప్పాడు. తల్లులు పిల్లల్ని వాగు అవతలికి పంపేశారట. ఆయనే ఇంటింటికీ తిరిగి, “నేను ఉన్న” అని చెప్పి తెచ్చుకున్నాడు.

మార్పు లేదని అనను. ములుగు నుంచి వచ్చిన సీతక్క, గొత్తికోయల వెలివేత మీదే ఉస్మానియాలో పరిశోధన చేసి 2022లో డాక్టరేట్ తీసుకున్నారు. మంత్రి అయ్యాక 2024లో కన్నాయిగూడెం మండలం బంగారుపల్లిలో కంటైనర్ బడి తెరిచారు. రిజర్వు అడవిలో పక్కా కట్టడానికి అనుమతి రాదు కనుక ఇనప డబ్బాను తీసుకొచ్చి పెట్టే ఉపాయం అది. వానకు తడవని గది. పిల్లలకు అది పెద్ద విషయమే. కానీ బడి కదిలించగలిగే డబ్బాలో ఉన్నంతకాలం, ఆ గూడెం కూడా కదిలించదగినదే అన్న మాట ఎక్కడో మిగిలే ఉంటుంది. అది పక్కా బడి అయ్యే రోజు రావాలి.

సారుకు ఇప్పుడున్న చింత వేరు. ఈ ఏడాది ఐదో తరగతి పూర్తయ్యే పిల్లలున్నారు. ఆరో తరగతికి ఏటూరునాగారం ఐటీడీఏ పరిధిలోని ఆశ్రమ పాఠశాలలో చేర్పించాలి. అక్కడ సీటు, తర్వాత ఉపకారవేతనం అన్నీ కుల ధ్రువపత్రం మీద నడుస్తాయి. ఎస్టీ హోదా రాష్ట్రాన్ని బట్టి ఇస్తారు. తాత ఛత్తీస్‌గఢ్‌లో ఎస్టీ అయినా ఇక్కడ పుట్టిన మనవరాలికి ఆ కాగితం సులువుగా రాదు. కొన్ని బడులు ప్రధానోపాధ్యాయుల మంచితనం మీద చేర్చుకుంటాయి. మరుసటి ఏడాది ఆ ప్రధానోపాధ్యాయుడు బదిలీ అయితే కథ మొదటికొస్తుంది.

“ఆడపిల్ల ఒకామె ఉన్నది సార్. లెక్కలల్ల నన్నే తప్పు పడుతది,” అన్నాడు. “చేర్చుకోకుంటె వచ్చే ఏడు మిర్చికి పోతది, ఆ మీది ఏడు పెండ్లి జేస్తరు. జూన్ పన్నెండుకు బడి తెరుస్తరు. తాసిల్దారు ఆఫీసుల అర్జీ పెట్టిన. సోమవారం ఐటీడీఏ గ్రీవెన్సుకు ఆమెను, తండ్రిని తోలుకొని పోతున్న. రిజిస్టర్ జిరాక్సులు మూడు తీసి పెట్టిన, ఒకటి వాళ్లు పారేసినా ఇంకోటి ఉండాలె గద.”